దీపక రాగము – అనునాదము

తాన్‌సేన్ దీపక రాగమును పాడగా అక్బరు చక్రవర్తి సభలోని దీపములు వాటంతట అవే వెలిగినవను కథను విననివారు మన దేశమున అరుదు. భౌతికశాస్త్రమున అనునాదమను అధ్యాయమును చదివిన విద్యార్థులు కొందరు ఈ కథను జ్ఞప్తికి తెచ్చుకొని, “ఇది అనునాదమే కదా, కావున కథ నిజమే” అని వాదింతురు. ఈ వాదమును మేము పలుమార్లు వినియున్నాము. కథకును శాస్త్రమునకును గల పోలిక యెంతవరకు నిలుచునో, ఎచ్చట తెగిపోవునో విచారింతము.

కథలోని ఇంద్రజాలమునకు ఒక కట్టుబాటు కలదు. దీపక రాగమునకు అగ్ని, మేఘ మల్హారమునకు వర్షము. ఒక రాగము కదలించు దానిని మరియొకటి కదలింపలేదు. పాడినవాడు మూల్యము చెల్లింపక తప్పదు. దీపములను వెలిగించిన వేడిమి తాన్‌సేన్ దేహమునే దహింపసాగెననియు, గుజరాతులోని వడనగరమునకు చెందిన తానా, రీరీ అను సోదరీమణులు మల్హారమును పాడి వాన కురిపించి ఆ తాపమును చల్లార్చిరనియు చెప్పుదురు. ఆ సోదరీమణుల పేర వడనగరమున నేటికిని సంగీతోత్సవము జరుగుచున్నది. నోటికి వచ్చిన మాటతో కొండలు పిండియగు కథలకంటె ఇది ఎంతో మేలైన కల్పన. ఆలీబాబా కథయందును ఇదే నియమము. సిమ్‌సిమ్ అనగా నువ్వులు. గుహలో చిక్కుకొన్న ఖాసిం ఆ ఒక్క పేరు మరచి తక్కిన ధాన్యముల పేర్లెన్ని పలికినను తలుపు తెరచుకొనలేదు. తలుపు తన శబ్దమునకే తెరచుకొనును.

చరిత్ర మాట వేరు. అబుల్ ఫజల్ తన ‘ఐనె అక్బరీ’లో ఆస్థాన గాయకుల పట్టికయందు తాన్‌సేన్‌ను ముందు నిలిపి, వేయి సంవత్సరములలో హిందూదేశమున అట్టి గాయకుడు లేడని మెచ్చుకొనెను. ఆ మెప్పులో దీపముల ఊసు లేదు. ఆ మెప్పు చాలదా యని మా ప్రశ్న.

ఇక అనునాదము. కంపింపగల ప్రతి వస్తువునకును సహజ పౌనఃపున్యము కలదు. బయటినుండి వచ్చు కంపనము దానితో సరిపోయినపుడు ఆ వస్తువు విశేషముగ స్పందించును. 512 హెర్ట్జ్‌ల శ్రుతిదండమును మ్రోగించి గాజుగొట్టము మూతిపై పట్టి, గొట్టములోని నీటిమట్టమును మెల్లగా దించుచు పొండు. గాలిస్తంభము సుమారు 16 సెంటీమీటర్లు కాగానే గొట్టము ఒక్కసారిగా ఘోషించును. కొంచెము అటునిటు జరిగిన ఆ ఘోష అణగిపోవును. ఖాసిం ఎదుట మూసియున్న తలుపు స్వభావమును ఇట్టిదే. ఇంతవరకు కథకుడును శాస్త్రజ్ఞుడును ఒకే బాటన నడచిరి.

బాట చీలునది శక్తి కడ. అనునాదము శక్తిని సృష్టింపదు. వచ్చిన కొద్దిపాటి శక్తిని కూడబెట్టును, అంతియే. 1831 ఏప్రిల్ 12న ఇంగ్లండులోని బ్రౌటన్ వ్రేలాడు వంతెనపై 74 మంది సైనికులు అడుగు కలిపి నడచుచుండగా వంతెన ఊగి కూలినది. అచట పని చేసిన శక్తి సైనికుల కాళ్లది. ఆ అడుగుల తాళము దానిని ప్రోగుచేసినది. మామూలు సంభాషణలో మన కంఠమునుండి వెలువడు ధ్వనిశక్తి ఒక వాట్‌లో సుమారు లక్షవ వంతు. గొప్ప గాయకుడు దానిని వేలరెట్లు పెంచినను, నూనెవత్తి అంటుకొనుటకు కావలసిన వందల డిగ్రీల వేడిమి పుట్టదు. మెత్తని ప్రత్తివత్తి ధ్వనిని మ్రింగివేయునే కాని కూడబెట్టదు.

అయితే ఒక వింత కలదు. పాట దీపమును వెలిగింపలేకున్నను, వెలుగుచున్న జ్వాల పాటను వినును! ఒక సంగీతగోష్ఠిలో చెల్లో వాద్యపు స్వరములకు గ్యాసు దీపపు జ్వాల ఎగిరెగిరి పడుటను గమనించి, జాన్ లెకాంట్ అను అమెరికా శాస్త్రజ్ఞుడు 1858లో ఆ సంగతి ప్రకటించెను. 1867లో టిండాల్ ఇట్టి జ్వాలలను గూర్చి లండనులో ఉపన్యసించెను. మరి 2015లో జార్జ్ మేసన్ విశ్వవిద్యాలయపు ఇంజనీరింగు విద్యార్థులిద్దరు 30 నుండి 60 హెర్ట్జ్‌ల మంద్రధ్వనితో చిన్న మంటలను ఆర్పు పరికరమును నిర్మించిరి. ధ్వని గాలిని ముందువెనుకలకు ఊపి, మంటకు ప్రాణవాయువు సరిగా అందనీయదు. కథ పాటతో దీపమును వెలిగించినది. విద్యార్థులు ధ్వనితో మంటను ఆర్పిరి.

ఈ భేదమును మేమింతగా చెప్పుటకు కారణము కలదు. ‘అనునాదము’ అను మాట ఇపుడు అంగడిసరుకైనది. ఫలానా స్వరముతో ఫలానా రోగము కుదురునని ధనము గుంజువారు ఈ మాటనే వాడుచున్నారు. వారిని నమ్మి వైద్యుని కడకు పోవుట మానిన రోగికి నష్టము ప్రాణముతోనే. మూత్రపిండములలోని రాళ్లను దేహము వెలుపలినుండి పంపిన ఆఘాత తరంగములతో పగులగొట్టు చికిత్స 1980లో మ్యూనిక్ నగరమున తొలిసారి జరిగినది. అది గురి చూచి కొలిచి చేయు పని, మంత్రము కాదు. గోల్కొండలో ఫతే దర్వాజా గుమ్మటము క్రింద చరచిన చప్పట్లు దాదాపు కిలోమీటరు దూరమునగల బాలాహిస్సారుపై వినవచ్చుటను కూడ కొందరు అనునాదమని వ్రాయుదురు. అది ధ్వని ప్రతిఫలనము. కట్టినవారి నేర్పును సరియైన పేరుతోనే మెచ్చుకొనవలెను.

నిజమైన అనునాదమును కన్నులార చూడగోరువారు ఒక సితారు ముందు కూర్చుండవలెను. మీటు తంత్రుల అడుగున 11 నుండి 13 వరకు ‘తరఫ్’ తంత్రులుండును. వాటిని వాయింపబోవు రాగము స్వరములకు శ్రుతి చేయుదురు. సాధారణముగా వాటిని ఎవరును మీటరు. పై తంత్రి పలికినపుడు తమ స్వరము వచ్చినది మాత్రము మ్రోగును. వాదకుడు అనుమతించినచో ఒక తరఫ్ తంత్రిపై సన్నని కాగితపు ముక్కను మడిచి ఉంచి, అదే స్వరమును పైన మీటుమని కోరుడు. కాగితము తుళ్ళిపడును. అర స్వరము తప్పించి మీటినచో, ఎంత గట్టిగా మీటినను, దాదాపు కదలదు.