నదీమాతృకము

మనము నిత్యము పలుకు మాటలు కొన్ని; గ్రంథములలో మాత్రమే కనబడు మాటలు మరికొన్ని. రెండవ తెగకు చెందిన మాటలను చూచినంతనే విద్యార్థులు వెనుకాడుదురు. నిఘంటువులో అర్థము వెదకి, పరీక్ష ముగియువరకు జ్ఞాపకముంచుకొని, పిమ్మట మరచిపోవుదురు. కాని అట్టి మాటలలో కొన్ని మన యింటి వాకిటనే నిలిచియుండును. వానిని చక్కగ నెరిగినచో మన యూరిని, మన పొలమును క్రొత్త కన్నులతో చూడగలము. "నదీమాతృకము" అట్టి మాట. నేలకును నీటికిని గల సంబంధమును తెలుపు శాస్త్రీయమైన విశేషణ మిది. దీని యర్థమును గ్రహించుటకు గుంటూరు జిల్లాలో, తెనాలికి చేరువన, కృష్ణానదికి పడమటి దెసను నున్న కొల్లిపర గ్రామమునకు పోవుదము.

వేసవి ముగియుచున్న దినములలో ఒక సాయంకాలము, ఆ యూరి బాలుడొకడు తన తాతతో కరకట్టపై నడచుచున్నాడనుకొనుడు. ఒక ప్రక్క ఇసుక తిన్నెల నడుమ సన్నగ పారుచున్న కృష్ణ. మరియొక ప్రక్క దుక్కి చేసి, నీటికై ఎదురు చూచుచున్న మాగాణి పొలములు. బాలునకు సందేహము కలిగినది.

"తాతయ్యా, నది మన చెంతనే యున్నది గదా! మరి మన పొలమునకు నీరు విజయవాడ నుండి కాలువలో రావలెనని ఎదురు చూచుట ఎందులకు?"

తాత నవ్వి, "నది చెంత నుండుట వేరు నాయనా, నది పోషించుట వేరు" అని బదులు చెప్పెను.

ఆ ఒక్క మాటలో మన పదము యొక్క సారమంతయు నిమిడియున్నది. అది యెట్లో చూతము.

"నదీమాతృకము" అనునది సంస్కృత సమాసము. నది, మాత అను రెండు పదములు దీనియందున్నవి. మాతృ శబ్దము ఋకారముతో ముగియునది గావున, సమాసము చివర "క" అను ప్రత్యయము చేరినది. నదియే తల్లిగా గలది యేదో, అది నదీమాతృకము. ఇందు "నది" యను పదమునకు గాని, "తల్లి" యను పదమునకు గాని ప్రాధాన్యము లేదు. ఆ రెండింటికిని వెలుపల నున్న మూడవ వస్తువునకు, అనగా దేశమునకు లేక నేలకు, ప్రాధాన్యము కలదు. ఇట్టి సమాసమును బహువ్రీహి యందురు. చక్రము పాణియందు గలవాడు చక్రపాణి యైనట్లే, నది తల్లిగా గల నేల నదీమాతృకము.

ఈ పదమునకు జంటగ మరియొక పదము కలదు. అది "దేవమాతృకము". ఇచ్చట దేవుడనగా వర్షాధిదేవత. మేఘమని చెప్పినను తగును. వానయే తల్లిగా గల నేల దేవమాతృకము. అమరసింహుడు తన అమరకోశమున, భూమివర్గమునందు, ఈ రెండు పదములను ఒకే చోట పేర్కొనెను. నదీజలముచే పండు వరితో పోషింపబడు దేశము మొదటిది. వాననీటిచే పండు వరితో పోషింపబడు దేశము రెండవది. దీనిని బట్టి, పూర్వులు దేశములను వర్ణించునపుడు కొండలను, కోటలను మాత్రమే గాక, పైరునకు నీరెచ్చటనుండి వచ్చుచున్నదను ప్రశ్నను గూడ గమనించిరని తెలియుచున్నది.

ఇతిహాసములలో సైతము ఈ ప్రశ్న వినబడుచున్నది. మహాభారతమున సభాపర్వమునందు నారదుడు ధర్మరాజు సభకు వచ్చి, పరిపాలనను గూర్చి పెక్కు ప్రశ్నలు వేయును. నీ రాజ్యమున పెద్ద చెరువులు తగిన చోట్ల నిండియున్నవా, సేద్యము కేవలము దేవమాతృకమై యుండలేదు గదా యని అడుగుట వానిలో నొకటి. రామాయణమున చిత్రకూటమునకు వచ్చిన భరతుని రాముడు ప్రశ్నించుచు, కోసలదేశమును "అదేవమాతృకము" అని పేర్కొనును. వానపై మాత్రమే ఆధారపడనిది యని దాని యర్థము. ప్రజలను కేవలము మేఘముల దయకు విడిచిపెట్టుట రాజునకు తగదని ఆనాటివారి భావము.

ఇక తాత చెప్పిన మాటకు వత్తము. నది యొడ్డున నున్నంత మాత్రమున నేల నదీమాతృకము కాదు. దీనికి కృష్ణాతీరముకంటె మంచి నిదర్శనము వేరొకటి అక్కరలేదు.

1832-33వ సంవత్సరములలో గుంటూరు సీమలో ఘోరమైన కరువు వచ్చినది. అది నందన నామ సంవత్సరమగుటచే నందన కరువనియు, మనుజులు డొక్కలు మాత్రమే మిగిలినట్లు కృశించుటచే డొక్కల కరువనియు ప్రజలు దానిని పిలిచిరి. ఆనాటి గుంటూరు జిల్లా జనులు సుమారు ఐదు లక్షలు. వారిలో ఇంచుమించు మూడవవంతు మంది ప్రాణములు కోల్పోయిరని చరిత్ర గ్రంథములు చెప్పుచున్నవి. ఆ దినములలో కృష్ణానది లేకపోలేదు. మహాబలేశ్వరము కడ పుట్టి, సుమారు 1,400 కిలోమీటర్లు ప్రవహించి, వేలకొలది యెకరముల నడుమనుండియే అది సముద్రమున కలియుచుండెను. కాని పొలములు మెరక, నది పల్లము. వరద వచ్చినపుడు నీరు గట్లు పొరలి పైరును ముంచును. వరద తీసిన పిదప అందని లోతునకు దిగిపోవును. తల్లి యెదుటనే యుండగా బిడ్డలు ఆకలిచే మరణించుట యనిన నిదియే. ఆనాడు కృష్ణాతీరము నదీతీరమే గాని నదీమాతృకము గాదు.

ఆ దుస్థితిని మార్చినది ఆనకట్ట. గోదావరిపై ధవళేశ్వరము వద్ద ఆర్థరు కాటను ఆధ్వర్యమున 1847లో ప్రారంభమైన ఆనకట్ట 1852 నాటికి పూర్తియైనది. ఆ సంవత్సరముననే కృష్ణపై విజయవాడ వద్ద, ఇంద్రకీలాద్రికిని సీతానగరము కొండకును నడుమ, మరియొక ఆనకట్ట పని మొదలై, 1855లో ముగిసినది. దీనిని కట్టించిన ఇంజనీరు చార్లెసు ఆర్. ఆ ఆనకట్ట 1952లో దెబ్బతినగా, దానికి మారుగ నిర్మించిన ప్రకాశము బ్యారేజి 1957లో పూర్తియైనది. ఆంధ్రకేసరి టంగుటూరి ప్రకాశము పంతులుగారి పేరు దానికి పెట్టిరి.

ఆనకట్ట చేయు పని యేమి? అది నీటిని సృష్టింపదు. నీటి మట్టమును పైకెత్తును. పైకెత్తబడిన నీరు ఇరుప్రక్కల తూములగుండ కాలువలలోనికి తనంత తానే పారును. పడమటి కాలువ సీతానగరము వద్ద బయలుదేరి, దుగ్గిరాల వద్ద శాఖలుగ చీలి, తెనాలి ప్రాంతమునకు నీరందించును. కాలువనుండి పిల్లకాలువకు, పిల్లకాలువనుండి బోదెకు, బోదెనుండి మడికి నీరు దిగును. ఇట్లు పల్లమునకు పారుటకు మరియొక కారణము గూడ కలదు. నది వరదలో తెచ్చు ఒండ్రుమట్టిలో బరువైన భాగము ఒడ్డుననే పడిపోవును. తేలికైనది దూరముగ పోయి దిగును. వేల యేండ్లుగ నిట్లు జరుగుటచే డెల్టాలో నదికి దగ్గరనున్న నేల కొంత మెరకగను, దూరమైన నేల పల్లముగను ఏర్పడినది. కావుననే కొల్లిపర చెంత నది కనబడుచున్నను, ఆ పొలములకు నీరు ఎగువన విజయవాడ వద్ద మట్టము పెంచి తేవలసి వచ్చినది. బాలుని ప్రశ్నకు సమాధాన మిదియే. నేడు కృష్ణాడెల్టాలో రెండు వైపుల కలిసి సుమారు 13 లక్షల యెకరములు ఈ విధముగ సాగగుచున్నవి. ఇప్పుడే ఆ నేల నిజముగ నదీమాతృకమైనది.

కొల్లిపర మండలమున నదీమాతృకమను పదమునకు మరియొక రూపము గూడ కానవచ్చును. కరకట్టకును నదికిని నడుమ లంక గ్రామములు కలవు. అన్నవరపులంక, కొత్తూరులంక అట్టివి. ఇచ్చటి నేలను నది స్వయముగ తన ఒండ్రుతో కట్టినది. అరటి, పసుపు, కంద వంటి పంటలు ఈ ఒండ్రునేలలలో బలముగ పెరుగును. అయితే ఈ తల్లి లాలించుటయే గాక దండించును గూడ. 2009 అక్టోబరులోను, 2024 సెప్టెంబరులోను ప్రకాశము బ్యారేజి వద్ద 11 లక్షల క్యూసెక్కులకు మించిన వరద ప్రవహించినపుడు లంకలలో తోటలు నీట మునిగినవి. వరద తీసిన పిదప రైతులు మరల నాగలి పట్టిరి. నదిచే కట్టబడిన నేల నదికి లోబడియే బ్రతుకవలెను.

ఒకే నేల వానవలనను, నదివలనను పోషింపబడుచో దానినేమందురు? నిఘంటువులు దానికిని పేరు పెట్టినవి. అది "ద్వైమాతృకము", అనగా ఇద్దరు తల్లులు గలది. యథార్థముగ చూచినచో కొల్లిపర మాగాణి ద్వైమాతృకమే. సార్వా పైరునకు కాలువనీటితో పాటు నైరృతి ఋతుపవనముల వానలును తోడ్పడును. వానలు వెనుదీసిన పిదప వేయు దాళ్వాకు కాలువయే శరణ్యము. అనంతపురము జిల్లా మెట్టలలో వేరుసెనగ వేయు రైతు సంగతి వేరు. అచ్చట సంవత్సరమునకు సగటున సుమారు 550 మిల్లీమీటర్ల వానయే కురియును. ఆ మెట్టచేలు దేవమాతృకములు. ఇక ఈజిప్టు దేశమున వాన దాదాపు శూన్యము. సేద్యమంతయు నైలునది మీదనే నడచును. ఆ దేశము నది యిచ్చిన కానుక యని గ్రీకు చరిత్రకారుడు హెరొడోటసు భావించెను. కేవల నదీమాతృకమునకు అంతకంటె ఉదాహరణము లేదు.

ఈ పదమును వాడుటలో కొన్ని జాగ్రత్తలు అవసరము. "కృష్ణ నదీమాతృకము" అనరాదు. నదికి ఈ విశేషణము చెల్లదు, నేలకే చెల్లును. "నదీమాత" యనిన నదియను తల్లి. "నదీమాతృక" యనిన ఆ తల్లి గల సీమ. ఈ రెండును ఒకటి గావు. "కోనసీమ నదీమాతృకమైన ప్రదేశము" అనుట ఒప్పు. "నదీమాతృక దేశములలో నాగరికత త్వరగ పెంపొందెను" అనుటయు ఒప్పు. చెరువు క్రింది మాగాణిని నదీమాతృకమని పిలుచుట సరిగాదు. చెరువు నింపునది వాననీరైనచో, ఆ నేల వానను దాచుకొనిన దేవమాతృకమే. అనువాదమునకు మూలమైన గ్రంథమును "మాతృక" యందురు. ఆ పదమునకును మాతృశబ్దమే మూలమైనను, అర్థము వేరు.

పదము నెరిగిన పిదప, అది మనపై మోపు బాధ్యతను గూడ నెరుగవలెను. నదీమాతృకమైన నేలకు కరువు లేదని కొందరు తలంతురు. అది పొరపాటు. 2002 మొదలు 2004 వరకు కృష్ణానది పరీవాహమున వానలు కొరవడినపుడు, డెల్టా కాలువలు సైతము చాలినంత నీటిని నోచుకొనలేదు. ఎగువనున్న వారికిని నీటి యక్కర కలదు; నది యందరిది. అందులకే నీటిని నిలువచేయు పులిచింతల ప్రాజెక్టు 2013లో ప్రారంభింపబడినది. 2015లో పట్టిసీమ ఎత్తిపోతల పథకముచే గోదావరి నీటిని కృష్ణకు తరలించుట మొదలైనది. నాటినుండి కృష్ణాడెల్టాకు గోదావరి నీరును అందుచున్నది. ద్వైమాతృకమను పాతమాటకు ఇట్లు ఒక క్రొత్త యర్థము చేరినదని చమత్కారముగ చెప్పవచ్చును.

ఇన్ని చెప్పినను, ఒక ప్రశ్న మిగిలియున్నది. నేలకు నది తల్లి యైనచో, నదికి తల్లి యెవరు? పడమటి కనుమలపై కురియు వానయే గదా! అనగా దేవమాతృకము, నదీమాతృకము అను రెండు మాటలును పరస్పరము విరోధించునవి కావు. కొల్లిపర పొలమునకు కృష్ణ తల్లి, వాన అమ్మమ్మ. ఎక్కడో దూరమున అడవులు నరికి, కొండలను బోడిచేసి, వానకు హాని కలిగించినచో, ఇచ్చట బోదెలలో నీరు తగ్గును. ఇచ్చట కాలువలలో చెత్త వేసి, గట్లను త్రవ్వి, నీటిని వృథా చేసినచో, దిగువనున్న రైతు మడి యెండును. తల్లిపాలను పంచుకొనిన బిడ్డలు ఒకరి భాగము నొకరు హరింపరాదు.

మరల కరకట్టపైకి పోవుదము. సీతానగరము వద్ద తూములెత్తిరను వార్త వచ్చినది. కొన్ని దినములకు కొల్లిపర బోదెలో ఎర్రని క్రొత్తనీరు నురుగుతో వచ్చి, ఎండిన మడిలోనికి మెల్లగ ప్రాకినది. గట్టుపై నిలిచిన బాలుడు ఆ నీటిని చేతితో తాకి, "తాతయ్యా, ఇప్పుడు మన పొలము నదీమాతృకమైనది" అనెను. నిఘంటువులోని మాట పొలములోనికి దిగినది. మాట నేర్చుకొనుట యనగా అది.