రాణి గోర్మ్‌లా

పుట్టినింటికిని మెట్టినింటికిని పోరు కలిగిననాడు రాజపుత్రిక యెవరి జయమును గోరవలయును? ఐర్లండు దేశపు రాణి గోర్మ్‌లాకు జీవితమంతయు నీ ప్రశ్న తప్పలేదు.

ఆమె 960 ప్రాంతమున జన్మించెను. నాడు ఐర్లండు పెక్కు రాజ్యములుగా జీలియుండెను. తూర్పున నున్న లెన్‌స్టరునకు ఆమె తండ్రి రాజు. ఆమెను డబ్లిన్ నేలుచుండిన నార్సు జాతివాడగు ఓలాఫున కిచ్చి వివాహము చేసిరి. ఓలాఫ్ వయసు మీరినవాడు. 980లో తారా యుద్ధమున నోడి, అయోనా ద్వీపమందలి మఠమును జేరి, మరుసటి యేట గతించెను. వారి కుమారుడు సిట్రిక్ 989లో డబ్లిన్ రాజయ్యెను. ఐర్లండున మొదట నాణెములు ముద్రింపించినవా డితడే.

999లో మన్‌స్టర్ రాజగు బ్రయన్ బోరు, గ్లెన్‌మామా యొద్ద లెన్‌స్టర్, డబ్లిన్ సేనల నోడించెను. పిమ్మట గలిగిన సంధికి పెండ్లిండ్లే ముడులయ్యెను. బ్రయన్ తన కుమార్తె స్లానీని సిట్రిక్కున కిచ్చి, సిట్రిక్ తల్లియగు గోర్మ్‌లాను దాను పెండ్లాడెను. కొడుకునకు మామయైనవాడే తల్లికి మగడు! వారికి డొన్నహా యను కుమారుడు గలిగెను గాని, ఆ దాంపత్యము నిలువలేదు.

తరువాతి యుద్ధమునకు గారణముగా నొక ఐరిష్ గ్రంథము చిత్రమైన కథ చెప్పును. గోర్మ్‌లా సోదరుడు మేల్‌మోర్, లెన్‌స్టర్ రాజు, బ్రయన్ కోటకు ఓడకొయ్యలను గప్పముగా దెచ్చెను. దారిలో మోత కాసరా యగుటచే, బ్రయన్ బహూకరించిన పట్టు అంగీ వెండిబొత్తాము తెగెను. దానిని గుట్టుమని యక్కసెల్లెండ్ర వరుసను జనువుగా నడుగగా, ఆమె యా యంగీని నిప్పులో బడవైచి, తండ్రితాతలు చేయని యూడిగము నీవేల చేయుచున్నావని నిందించెనట!

1014 ఏప్రిల్ 23వ తేదీన, శుభశుక్రవారమున, డబ్లిన్ చెంత క్లాంటార్ఫున ఘోరయుద్ధము జరిగెను. బ్రయన్, ఆయన మొదటిభార్య కుమారుడు, మనుమడు నాడే కూలిరి. ఎదిరిపక్షమున మేల్‌మోరును మడిసెను. సిట్రిక్ నగరమందుండి బ్రదికెను. గోర్మ్‌లాకు సోదరుడును, పూర్వపు భర్తయు నొక్కదినముననే పోయిరి. కోడలు స్లానీ గతియు నట్టిదే: తండ్రి యొకవైపు, మగడొకవైపు.

పదుమూడవ శతాబ్దపు ఐస్‌లాండు గాథ యొకటి గోర్మ్‌లాను జక్కని రూపముగల దుష్టురాలనుచున్నది. ఆమెను వివాహమొనర్తునని సిట్రిక్ ఇద్దరు నాయకులకు మాట యిచ్చెననియు నా గాథయే చెప్పును. అల్‌స్టర్ వార్షిక చరిత్రయో, ఆ యుద్ధమును వర్ణించుచు నామె పేరైన నెత్తదు. లెన్‌స్టర్ వారు మన్‌స్టర్ పెత్తనమును సహింపకుండుట, సంపన్నమగు డబ్లిన్ రేవుపై నందరికి గన్నుండుట, ఇవి చాలవా పోరునకు? రాజులు కత్తి దూసిరి. కథకులు బొత్తామును జూపిరి.

గోర్మ్‌లా 1030లో మరణించెను. ఆమె కొడుకులలో సిట్రిక్ డబ్లినున క్రైస్టుచర్చి దేవాలయమునకు మూలపురుషుడయ్యెను. డొన్నహా మన్‌స్టరు నేలి, 1064లో రోమునగరయాత్ర చేసి యచటనే కన్నుమూసెను. వైరికుటుంబముల రెంటికిని రాజుల గన్నతల్లి యామె. పెండ్లిండ్లతో సంధిని గుదుర్చుకొన్న పురుషులు, ఆ సంధి చెడిననాడు నింద నామెపై మోపుట న్యాయమో కాదో చదువరులే యోచింతురు గాక.