వాస్తవచిత్రమున స్వభావోక్తి: యోరిస్ ఈవెన్స్ ‘వాన’

వస్తుస్వరూపమును ఉన్నదున్నట్లు వర్ణించుట స్వభావోక్తి. దండి దీనిని అలంకారములలో మొదటిదిగా పేర్కొనెను. కుంతకుడు ఇది అలంకార్యమే కాని అలంకారము కాదనెను. ఉన్నదానిని చూపుటలో కవి చేయు పని యేమి అనునదే ఈ వివాదమునకు మూలము. ఒక వ్యక్తి తన దృష్టితో, స్వల్పసాధనములతో స్వతంత్రముగా నిర్మించు లఘు వాస్తవచిత్రము విషయమునను ఈ ప్రశ్నయే పుట్టును. దీనిని పరిశీలించుటకు 1929లో వెలువడిన ‘వాన’ (డచ్చి భాషలో ‘రేఖెన్’) తగిన ఉదాహరణము.

డచ్చి దర్శకుడు యోరిస్ ఈవెన్స్ (1898–1989) మన్నుస్ ఫ్రాంకెన్ సహకారముతో నిర్మించిన ఈ మూకచిత్రము నిడివి సుమారు 12 నిమిషములు. ఆమ్‌స్టర్‌డామ్ నగరమున వాన కురిసి వెలియుటయే ఇందలి వస్తువు. కాలువనీటిపై ఎండ, లేచిన గాలి, తొలిచినుకులు, విచ్చుకొను గొడుగులు, ట్రాము అద్దములపై జారు ధారలు, మరల వెలుతురు - ఇదియే క్రమము. ప్రేక్షకునకు ఇది ఒక్క వానగా తోచును. నిజమునకు ఇది నెలల తరబడి వేర్వేరు వానలలో తీసిన దృశ్యముల కూర్పు. చేతబట్టి తీయదగిన ‘కినామో’ అను చిన్న స్ప్రింగు కెమెరా ఇందులకు మిక్కిలి తోడ్పడెను.

అట్లయిన ఈ చిత్రము అసత్యమా? కాదనియే మా అభిప్రాయము. అందలి వానలు కల్పితములు కావు. వాని వరుస మాత్రము కర్త కల్పించినది. ఇది ఫలానినాటి వాన యని చిత్రము చెప్పదు. వాన స్వభావమును చెప్పును. ఏ దృశ్యము తరువాత ఏది రావలెను, ఎంతసేపు నిలువవలెను అను నిర్ణయమునందే కర్త వ్యక్తిత్వము గోచరించును. దండి చెప్పిన అలంకారత్వమునకు చలనచిత్రమున ఆశ్రయము ఈ కూర్పే.

వస్తువు మనుష్యుడైనపుడు సమస్య జటిలమగును. 1933లో ఈవెన్స్, ఆన్రి స్టోర్క్ కలిసి బెల్జియములోని బొరినాజ్ గనికార్మికుల దుఃస్థితిని చిత్రించిరి. 1932 నాటి సమ్మె అప్పటికే ముగిసియుండుటచే కొన్ని ఘట్టములను కార్మికులచేతనే మరల నటింపజేసిరి. మార్క్స్ చిత్రపటముతో చిత్రముకొరకు ఏర్పరచిన ఊరేగింపు, జనము చేరగా నిజమైన ప్రదర్శనగా మారెను. వాన తన్ను గూర్చిన కూర్పును ప్రశ్నింపదు; మనుష్యుడు ప్రశ్నించును, దాని ఫలితమును తానే అనుభవించును.

నేడు చేతిఫోనుతో లఘుచిత్రము తీయువారికిని ఈ భేదము గ్రాహ్యము. స్వభావమును చూపునపుడు వేర్వేరు దినముల దృశ్యములను ఒకటిగా కూర్పవచ్చును. జరిగిన సంఘటననే చూపుచున్నామని చెప్పినచో దినమును, స్థలమును మార్చరాదు. మనుష్యులను చూపునపుడు, ఆ కూర్పున తాము ఎట్లు కనబడుదురో వారికి ముందుగా తెలుపుట కర్త ధర్మము.