మడతపెట్టి మోసుకెళ్లే ఇల్లు

1999లో లాస్ ఏంజెలెస్‌లోని కొరియా సాంస్కృతిక కేంద్రానికి వెళ్లినవాళ్లు ఒక ఇంటిని తలెత్తి చూశారు. లేత ఆకుపచ్చ పట్టుతో కుట్టిన ఆ ఇల్లు పైకప్పు నుంచి వేలాడుతోంది. దూలాలు, కిటికీ చట్రాలు, తలుపుల జాలీ పని... అన్నీ అసలు ఇంటి కొలతలకే ఉన్నాయి, అన్నీ గుడ్డతోనే చేసినవి. అది కళాకారుడు దో హో సు సియోల్‌లో పెరిగిన ఇల్లు. ప్రదర్శన ముగిశాక మడతపెట్టి, పెట్టెలో సర్దుకుని మరో ఊరికి పట్టుకెళ్లొచ్చు.

ఆ ఇల్లు నిజంగానే ఊళ్లు తిరిగింది. మొదట ‘సియోల్ హోమ్, ఎల్.ఏ. హోమ్’ అని ఉన్న దాని పేరులోకి తర్వాత న్యూయార్క్, బాల్టిమోర్, లండన్, సియాటిల్ ఒక్కొక్కటిగా వచ్చి చేరాయి. ఎక్కడ బతికినా సొంతూరు ఒక్కటే అని మనం తరచూ అనుకుంటాం. సు ఇల్లు ఆ మాటతో ఏకీభవించదు. పుట్టిన ఊరినీ వదులుకోదు, మెట్టిన ఊళ్లనూ పరాయివని పక్కన పెట్టదు. వలస జీవితం గురించి ఇంత నిజాయితీగా మాట్లాడిన కళాకృతులు అరుదు.

సు 1962లో పుట్టారు. తండ్రి సు సే ఒక్ సిరాతో నైరూప్య చిత్రాలు వేసి పేరు తెచ్చుకున్న చిత్రకారుడు. 1970ల్లో సియోల్ నిండా కాంక్రీటు అపార్టుమెంట్లు లేస్తుంటే, ఆయన పట్టుబట్టి సంప్రదాయ కొరియా పద్ధతిలో చెక్క ఇల్లు కట్టించారు. అలాంటి ఇంటిని ‘హనోక్’ అంటారు. రాజప్రాసాద ఆవరణలోని ఒక 19వ శతాబ్దపు భవనం దానికి నమూనా. బడికి వెళ్లే పిల్లవాడికి గుమ్మం దాటితే ఆధునిక నగరం, తిరిగొస్తే వెనుకటి కాలం. రెండు లోకాల మధ్య రాకపోకలు సుకు అమెరికా విమానం ఎక్కకముందే అలవాటయ్యాయి.

సియోల్‌లో చిత్రకళ చదివి, ఆ దేశంలో తప్పనిసరి అయిన సైనిక సేవ ముగించుకుని, 1991లో అమెరికా చేరారు. రోడ్ ఐలండ్‌లో చిత్రలేఖనం, యేల్ విశ్వవిద్యాలయంలో శిల్పకళ చదివారు. న్యూయార్క్‌లో ఉండగా రాత్రుళ్లు రొదకు నిద్రపట్టేది కాదు. చివరిసారి హాయిగా నిద్రపోయింది ఎక్కడా అని ఆలోచిస్తే సియోల్‌లోని తన గది గుర్తొచ్చిందని ఆయన చెప్పారు. ఆ గదిని తనతో తెచ్చుకోవాలన్న కోరికే పట్టు ఇంటికి దారి తీసింది. ఆయన టేపు పట్టుకుని చిన్ననాటి ఇంటిని అంగుళం అంగుళం కొలిచారు. కొరియాలో సంప్రదాయ దుస్తులు కుట్టే మహిళల దగ్గర ఆ కుట్టుపని మెళకువలు తెలుసుకున్నారు.

బెంగ గురించి చెప్పేటప్పుడు మాట తేలిగ్గా మెత్తబడిపోతుంది. సు దాన్ని కొలతల్లో పెట్టారు. ఆయన బలమంతా అక్కడే ఉంది. న్యూయార్క్‌లో అద్దెకున్న ఇంటిని కూడా పాలియెస్టర్ గుడ్డతో యథాతథంగా కుట్టారు. మెట్లు, నడవా, స్విచ్చులు, తలుపు పిడులు, పొయ్యి, ఫ్రిజ్ ఏదీ వదల్లేదు. రోజూ చెయ్యి తగిలే వస్తువులను మనం చూడటం మానేస్తాం. అవి పలుచని రంగు గుడ్డలో కనిపించేసరికి చూసేవాళ్లకు తమ ఇళ్లలోని స్విచ్చులు గుర్తొస్తాయి.

ఆ అద్దె ఇంటితో ఆయన బంధం అంతటితో ఆగలేదు. ఖాళీ చేయాల్సి వచ్చినప్పుడు గోడలు, తలుపులు, అలమారాలు అన్నింటికీ తెల్లకాగితం అతికించి, పైన రంగు పెన్సిళ్లతో రుద్దారు. పిల్లలు నాణెం మీద కాగితం పెట్టి పెన్సిల్‌తో రుద్ది అచ్చు తీసినట్టే, ఆ కాగితాల మీద ఇల్లు తేలింది. పగుళ్లు, మేకు గుంతలతో సహా.

ఇదే పద్ధతి 2012లో దక్షిణ కొరియాలోని గ్వాంగ్‌జు నగరంలో మరింత బరువైన పనికి పనికొచ్చింది. 1980 మే నెలలో అక్కడి ప్రజలు సైనిక పాలనపై తిరగబడితే సైన్యం కాల్పులు జరిపింది. సెన్సార్ వల్ల దేశంలో మిగతా చోట్ల ఉన్నవారికి అసలు ఏం జరిగిందో తెలియలేదు. ఆ నగరంలో ఒక పాత సినిమాహాలు సిబ్బంది ఉన్న గదుల గోడలను సు, ఆయన సహాయకులు కళ్లకు గంతలు కట్టుకుని కాగితం మీద రుద్దారు. చూడనివ్వని చరిత్రను చేతులతో తడిమి తెలుసుకునే ప్రయత్నం అది. ఆయన పనులన్నింటిలో అత్యంత సాహసమైనది ఇదేనని చెప్పాలి.

ఇల్లు ఒక్కటే ఆయన విషయం కాదు. సైనికుల మెడలో ఉండే గుర్తింపు బిళ్లలు వేల సంఖ్యలో కూర్చి చేసిన ‘సమ్/వన్’ అనే శిల్పం దూరానికి ఒక మహాకాయుడి కవచంలా ఉంటుంది. దగ్గరికెళ్తే ఒక్కో బిళ్ల ఒక్కో మనిషి. 1998 నాటి ‘పబ్లిక్ ఫిగర్స్’లో పెద్ద పీఠం ఉంటుంది, దాని మీద ఉండాల్సిన నాయకుడి విగ్రహం ఉండదు. ఆ పీఠాన్ని కింద నుంచి వందల మంది చిన్న చిన్న మనుషులు మోస్తుంటారు. మనిషి గుర్తింపు అతనిదేనా, గుంపు ఇచ్చిందా అన్నదే ఈ రెండింటిలోనూ ప్రశ్న.

లండన్‌లో స్థిరపడిన సు కళాకృతులతో 2025లో అక్కడి టేట్ మోడర్న్ మ్యూజియం ‘వాక్ ది హౌస్’ పేరుతో పెద్ద ప్రదర్శన పెట్టింది. హనోక్‌ను విడదీసి మరోచోట మళ్లీ నిలబెట్టవచ్చు. ఆ పేరు వెనుక ఉన్నది ఆ సంగతే.

సు ఇళ్లను చూడటానికి కాలిఫోర్నియాలోని తెలుగువాళ్లు అంత దూరం వెళ్లనక్కర్లేదు. శాన్‌డియేగోలోని కాలిఫోర్నియా విశ్వవిద్యాలయంలో ఒక ఇంజినీరింగ్ భవనం ఏడో అంతస్తు అంచున, ఆకాశం నుంచి ఊడిపడినట్టు వాలి ఒక చిన్న ఇల్లు కనిపిస్తుంది. 2012లో సు పెట్టిన ‘ఫాలెన్ స్టార్’ అది. ముందు చిన్న తోట, లోపల కుర్చీలు, దీపాలు, గోడకు ఫొటోలు ఉన్నాయి. ఇంటి వాలు ఒకటి, నేల వాలు మరొకటి కావడంతో లోపల అడుగుపెట్టగానే తల తిరుగుతుంది. కొత్త దేశంలో దిగిన తొలి రోజుల అయోమయాన్ని ఆయన అలా ఒంటికి తెలిసేలా చేశారు. అక్కడ చదువుకునేవారూ, ఉద్యోగాలు చేసేవారూ వీలు చూసుకుని వెళ్లండి. లోపలికి అన్ని రోజులూ అనుమతించరు కాబట్టి వేళలు ముందే కనుక్కోండి. ఊరి నుంచి అమ్మానాన్నలు వచ్చినప్పుడు వాళ్లనూ తీసుకెళ్లండి.