నిశ్చల చిత్రములలో నొక కనుఱెప్పపాటు

మన యిండ్లలో పాత ఛాయాచిత్రముల పెట్టె యొకటి యుండును. దానిని తెఱచినపుడు పటములు కదలవు. కదలునది మన మనస్సే. ఫ్రాన్సు దేశస్థుడగు క్రిస్ మార్కర్ 1962వ సంవత్సరమున నిర్మించిన "లా జెతే" యను చలనచిత్రమును జూచినపుడు మాకీ పెట్టెయే జ్ఞప్తికి వచ్చినది.

చలనచిత్రమన్న పేరేగాని యిందు దాదాపన్నియు కదలని నలుపు తెలుపు ఛాయాచిత్రములే. అవి యొకదాని వెంట నొకటి వచ్చుచుండ నొక కంఠము కథను జెప్పుచుండును. నిడివి 28 నిమిషములు మాత్రమే.

మూడవ ప్రపంచయుద్ధమున పారిస్ నగరము నాశమైనది. బ్రతికినవారు భూగర్భమున దాగిరి. ఆహారమును, ఔషధములను సంపాదించుటకు కాలమార్గము దక్క వేఱు గతి లేదని విజేతలు తలచి, బందీలను గతకాలమునకు బంప యత్నించిరి. కొందఱు మరణించిరి, కొందఱికి మతి చలించెను. ఒక్కడు మాత్రము తట్టుకొనెను. ఏలన, బాల్యమున ఓర్లీ విమానాశ్రయమున జూచిన యొక స్త్రీ ముఖమును అతడు మఱవలేదు. ఆ జ్ఞాపకమే అతనికి ఆధారమయ్యెను.

ప్రళయమును జూపుటకు మార్కర్ గొప్ప యంత్రసామగ్రిని గూర్చుకొనలేదు. చీకటి సొరంగములు, సగము వెలుగు పడిన ముఖములు, బందీ కన్నులపై గంతలు - ఇంతియే. గతకాలమన్ననో పగటి వెలుగు, తోటలు, ప్రకృతిచరిత్ర ప్రదర్శనశాల. అచ్చట చర్మములలో దూది గూర్చి నిలిపిన మృగములును, వానిని జూచుచున్న స్త్రీపురుషులును సమానముగా నిశ్చలులై కనబడుదురు. గతించినది యెంత మనోహరమైనను గతించినదే యని యీ దృశ్యము మాటలు లేకయే తెలుపుచున్నది.

మాకొక్క ఆక్షేపణము తోచినది. ఆ స్త్రీకి పేరు లేదు. ఆమె కంఠము మనకు వినబడదు. ఆమె యొకరి స్మృతిలోని పటము మాత్రమే. అయినను నడుమ నొక యుదయమున పక్షుల కిలకిలారావములు హెచ్చుచుండ, నిద్రించుచున్న యామె కన్నులు తెఱచి మనవంక జూచును. చిత్రమంతటిలో కదలిక యిదియొక్కటే. ఆ క్షణమున పటము పోయి మనిషి నిలుచును.

1995వ సంవత్సరమున టెరీ గిలియమ్ ఈ కథ నాధారము చేసికొని "ట్వెల్వ్ మంకీస్" అను పెద్ద చిత్రమును దీసెను. అందు కదలికకు కొదువ లేదు. అయినను మా మనస్సున నిలిచినది ఆ చిన్న కనుఱెప్పపాటే. ఒకరి జ్ఞాపకమున నెంత యందముగా నున్నను, కన్ను తెఱచి యెదుటివారిని జూచినపుడే గదా స్త్రీ సజీవురాలు!