వెండి కొండను మోసింది ఎవరి వీపులు?

"అమెరికాను కొలంబస్ కనిపెట్టాడు" అని మన పిల్లలు బడిలో చదువుతారు. ఆ మధ్య వ్యవసాయ కూలీల శిక్షణా తరగతిలో మేము ఇదే మాట అంటూ వుంటే, వెనక వరసలో కూర్చున్న ఒక నాట్ల కూలీ అక్క లేచి నిలబడింది. "మనుషులు కాపురాలుంటున్న ఊరికి పోయి ఊరిని కనిపెట్టాననటం ఏందన్నా? అప్పటిదాకా అక్కడోళ్ళు ఎవరికీ కనపడకుండా వున్నారా?" అని అడిగింది. అందరూ నవ్వారు. మేమూ నవ్వాం. కాని ఆ ప్రశ్నకు జవాబు చెప్పేసరికి పొద్దుగూకింది. ఆ జవాబే ఇక్కడ రాస్తున్నాం.

మువ్వ నిండా బంగారం

1492 అక్టోబర్ 12న కొలంబస్ ఓడలు చేరిన దీవుల్లో టైనోలనే జనం వున్నారు. కర్రపెండలం, మొక్కజొన్న, పత్తి పండించుకునేవారు. స్పెయిన్ వాళ్ళకు కావలసింది పంట కాదు, బంగారం. ఈనాడు హైతీ, డొమినికన్ రిపబ్లిక్ అనే రెండు దేశాలున్న హిస్పానియోలా దీవిలో 1495లో ఒక పన్ను వేశారు. పధ్నాలుగేళ్ళు నిండిన ప్రతి మనిషీ మూడు నెలలకొకసారి, వేట డేగ కాలికి కట్టే చిన్న మువ్వ నిండా బంగారం తెచ్చివ్వాలి. బంగారం దొరకని చోట పాతిక పౌన్ల పత్తి ఇవ్వాలి.

ఏట్లో ఇసుక కడిగితే ఎంత బంగారం వస్తుంది? జనం చేలు వదిలేసి కొండలెక్కారు. ఆకలి వచ్చింది. ఆకలి వెనక రోగాలు వచ్చాయి.

దున్నేవాడు లేకపోతే భూమి దొరకు బీడుతో సమానం. ఈ సంగతి స్పెయిన్ దొరలకు తొందరగానే బోధపడింది. అందుకని భూమితో పాటు మనుషుల్నీ పంచుకున్నారు. 1503లో రాణీగారి ఫర్మానా దీనికి చట్టం రూపం ఇచ్చింది. దీని పేరు ఎంకొమియెండా. అంటే "అప్పగింత". ఫలానా ఊళ్ళ జనాన్ని ఫలానా దొరకు అప్పగిస్తున్నాం, ఆయన వాళ్ళను కాపాడి మతం నేర్పుతాడు, బదులుగా వాళ్ళు ఆయనకు పని చేస్తారు అని రాత. కాపాడటం ఎట్లా జరిగిందో లెక్కలే చెప్తాయి. లక్షల్లో వుండిన టైనోలు 1514లో దొరలకు పంచటానికి లెక్కపెట్టేనాటికి ఇరవై ఆరు వేల మంది మాత్రమే మిగిలారు.

చదివి వినిపించిన కాగితం

దాడికి పోయేటప్పుడు కూడా ఒక కాగితం వెంట వుండేది. 1513లో రాజు కొలువులోని న్యాయపండితులు దాన్ని తయారు చేశారు. పోపు గారు ఈ భూమిని మా రాజుకిచ్చారు, మీరు ఒప్పుకుని లొంగండి, లేదంటే యుద్ధం చేసి మిమ్మల్నీ మీ పెళ్ళాం బిడ్డల్నీ బానిసలుగా పట్టుకుంటాం, ఆ చావులకు తప్పు మీదే అని దాని సారాంశం. దీన్ని స్పానిష్ భాషలో చదివేవారు. వినేవాళ్ళకు ఆ భాషలో ఒక్క ముక్క రాదు. జనం పారిపోయిన ఖాళీ ఊళ్ళలో కూడా చదివి, చదివినట్టు రాయించుకున్నారు. చదవటం రాక అప్పు పత్రం మీద వేలిముద్ర వేసిన మన కూలీకి ఈ తంతు వివరించనక్కర్లేదు.

మంచి చట్టాలు ఏమయ్యాయి?

స్పెయిన్ వాళ్ళలో మంచివాళ్ళే లేరా అంటే, వున్నారు. 1511లో మొంతెసినోస్ అనే సన్యాసి గుడిలో దొరల ముఖం మీదే ఈ పాపాన్ని ఖండించాడు. 1512లో బుర్గోస్ నగరంలో కొన్ని చట్టాలు చేశారు. లాస్ కాసాస్ అనే మరో మతగురువు తానే ఒకప్పుడు అట్లా మనుషుల్ని పొందినవాడు. 1514లో వాళ్ళను వదిలేసి, మిగతా జీవితమంతా ఈ ఘోరాలను రాజుకు రాస్తూ గడిపాడు. ఆదివాసుల బదులు ఆఫ్రికా బానిసల్ని తెమ్మని ఒకనాడు ఆయనే సలహా ఇచ్చాడు. తర్వాత పశ్చాత్తాపపడ్డాడు.

ఇవన్నీ కలిసి 1542లో "కొత్త చట్టాలు" వచ్చాయి. ఆదివాసుల్ని బానిసలు చేయకూడదు, అప్పగింత హక్కు తండ్రి నుంచి కొడుక్కు పోకూడదు అన్నారు. ఏమైంది? పెరూలో దొరలు గొంజాలో పిజారో నాయకత్వాన తిరగబడ్డారు. చట్టం అమలు చేయటానికి వచ్చిన రాజప్రతినిధినే 1546లో చంపేశారు. వారసత్వాన్ని రద్దు చేసిన షరతును రాజు అంతకు ముందే, 1545లో, వెనక్కి తీసుకున్నాడు. చట్టం రాసింది రాజే గాని, అక్కడ భూమీ కత్తీ వున్నది దొరల చేతిలో.

పొటోసి

పెరూ వాళ్ళకు ఎట్లా దక్కిందో కూడా తెలుసుకోవాలి. 1532లో ఫ్రాన్సిస్కో పిజారో వెంట వచ్చింది 168 మంది. అప్పటికే మశూచి జనాన్ని తినేసింది. గద్దె కోసం ఇన్కా రాజకుమారులిద్దరూ కొట్టుకుని వున్నారు. ఇన్కాల మీద కసి వున్న తెగలు వచ్చినవాళ్ళ పక్షం చేరాయి. ఇంట్లో తగాదా బయటివాడికి దారి తీసింది.

1545లో ఇప్పటి బొలీవియాలో, పదమూడు వేల అడుగులకు పైన, పొటోసి కొండలో వెండి బయటపడింది. 1570ల్లో రాజప్రతినిధి తొలేదో ఒక ఏర్పాటు చేశాడు. పదహారు జిల్లాల నుంచి పెద్దవయసు మగవాళ్ళలో ఏడుగురికి ఒకడు చొప్పున, యేటా పదమూడు వేల మందికి పైగా గనికి రావాలి. దీని పేరు మీతా, అంటే వంతు. ఇన్కాల కాలంలోనూ మీతా వుంది. వాళ్ళూ ధర్మప్రభువులేం కాదు. అయితే వంతు పనికి వచ్చినవాడికి రాజ్యం తిండి పెట్టేది. స్పెయిన్ దొరలు పేరు వుంచి లోపలి సరుకు మార్చారు.

వంతు వచ్చిన రైతు పెళ్ళాం బిడ్డల్నీ, లామా జంతువుల్నీ, ఎండబెట్టిన బంగాళాదుంపల్నీ వెంటబెట్టుకుని వారాల తరబడి నడిచి వచ్చేవాడు. గనిలో తోలుతాళ్ళ నిచ్చెనల మీద, కొవ్వొత్తి వెలుగులో, ఖనిజం వీపున మోస్తూ పైకెక్కాలి. లోపల ఉక్క, బయట గడ్డకట్టే చలి. కూలి అనేది వుంది, కాని స్వచ్ఛందంగా వచ్చే కూలీకిచ్చే దానికన్నా బాగా తక్కువ. వెండి తీయటానికి వాడే పాదరసం ఊపిరితిత్తుల్నీ నరాల్నీ తినేసేది. మనుషుల లెక్క తగ్గితే కురాకా అనే ఊరి పెద్ద డబ్బు కట్టుకోవాలి. అందుకని సొంత జనాన్ని పీడించటం ఆయన పనయింది. వంతు తప్పించుకోను రైతులు సొంత ఊరూ భూమీ వదిలి పరాయి ఊళ్ళలో కూలీలుగా బతికారు.

ఆ వెండి యూరప్ వర్తకుల పెట్టెల్లో ఆసియాకు కూడా వచ్చింది. మన కోరమండల్ తీరంలో నేతగాళ్ళ బట్టలు కొనటానికి కంపెనీలు తెచ్చిన డబ్బులో అదీ వుంది.

అర్జీల నుంచి తిరుగుబాటుకు

కురాకాలందరూ దొరల పక్షమే అనుకోకూడదు. తుపాక్ అమారు అని పేరు పెట్టుకున్న కొండోర్కంకీ తన జనాన్ని మీతా నుంచి తప్పించమని 1777లో లీమాకు పోయి అర్జీ పెట్టుకున్నాడు. ఎవరూ వినలేదు. 1780 నవంబర్ 4న ఆ జిల్లా స్పానిష్ అధికారిని పట్టుకున్నాడు, వారం తిరక్కుండా ఉరి తీయించాడు. వేలాది జనం కదిలారు. భార్య మికాయేలా బాస్తిదాస్ సైన్యానికి తిండీ ఆయుధాలూ సమకూర్చింది. కాని కొందరు కురాకాలు స్పెయిన్ వైపు నిలిచారు. 1781 మే 18న కుజ్కో నడిబజారులో, భార్యనూ పెద్దకొడుకునూ ఆయన కళ్ళెదుటే చంపి, ఆయన్ని నాలుగు గుర్రాలకు కట్టి లాగించారు. అప్పటికీ ప్రాణం పోకపోతే తల నరికారు. అదే యేడు తుపాక్ కటారి, బార్తొలినా సీసా నాయకత్వాన రైతులు లాపాజ్ నగరాన్ని నెలల తరబడి చుట్టుముట్టారు. వాళ్ళనీ చంపారు.

స్పెయిన్ పాలన అంతమై 1825లో బొలీవియా ఏర్పడింది. మీతా పోయింది. దొర మాత్రం పోలేదు. భూస్వామి ఇంట్లో వంతుల వారీగా ఊడ్చి, నీళ్ళు మోసి, గడప దగ్గర పడుకునే చాకిరి ఇరవయ్యో శతాబ్దం సగం దాకా సాగింది. తెలంగాణ పెద్దలు దీన్ని వెట్టి అంటారు. 1952 విప్లవం తర్వాత రైతు సంఘాలు ఎస్టేట్ల మీదికి పోయి భూములు ఆక్రమించాయి. ఆ తర్వాతే, 1953 ఆగస్టు 2న, ఉకురేన్యా గ్రామంలో వేలాది రైతుల ఎదుట భూసంస్కరణ ఫర్మానా మీద సంతకం పడింది. వెట్టి రద్దయింది. 1542 చట్టానికీ 1953 చట్టానికీ తేడా ఇదే. మొదటి దాని వెనక కొందరు మంచివాళ్ళున్నారు. రెండో దాని వెనక భూమి మీద నిలబడ్డ జనం వున్నారు.

ఇక ఆ అక్క అడిగిన మాట. సద్దిలో నంజుకునే మిరపకాయ, పెరట్లో టమాట, చేలో మొక్కజొన్న, రాయలసీమ వేరుశెనగ, కూరలో బంగాళాదుంప అన్నీ ఆ నేల మీద ఆ జనం వేల యేళ్ళు సాగుచేసి, మంచి విత్తనం ఏరి తయారు చేసిన పంటలే. కనిపెట్టటమంటే అది. కొలంబస్ చేసింది వాళ్ళ ఊరికి దారి తెలుసుకోవటం మాత్రమే.

మన దేశంలో కనీస వేతనాల చట్టం 1948లో, వెట్టి నిర్మూలన చట్టం 1976లో వచ్చాయి. అవి మన ఊరి చేలోకి ఎంత దూరం వచ్చాయో ఈసారి సంఘం కూర్చున్నప్పుడు లెక్క తీద్దాం. పొటోసి కథ కూడా అక్కడ చెప్పండి. వెనక వరసలో కూర్చున్నవాళ్ళు ప్రశ్నలడిగితే తొందరపడి నవ్వకండి.