బండ మీది మరక

తార్నాక చౌరస్తా నుంచి ఉస్మానియా క్యాంపస్‌లోకి పొద్దున్నే నడకకు వచ్చేవాళ్ల కళ్లు చేతి గడియారం మీదో, ఆర్ట్స్ కాలేజీ భవనం మీదో ఉంటాయి. దారి పక్కన బండల్ని ఎవరూ చూడరు. చూసినా వాటి మీద ఏముంటుంది? బూడిద రంగు మచ్చలు, అక్కడక్కడా పసుపు, సున్నం చిందినట్టు తెల్లటి చారలు. యూనివర్సిటీ కదా, ఎవరో పోస్టరు అంటించి పీకేసిన గుర్తేమో అనుకుని ముందుకు సాగిపోతాం.

ఒకసారి ఆగి, బూడిద రంగు మచ్చ మీద సీసాలోంచి నాలుగు చుక్కల నీళ్లు వేయండి. కాసేపటికే చాలావాటిలో ఆ రంగు పచ్చబారడం మొదలవుతుంది. ఎండినప్పుడు పైపొర మసకగా ఉండి లోపలిది కనబడనివ్వదు. తడిస్తే అద్దంలా మారి, కింద దాక్కున్న శైవలాల పచ్చదనాన్ని బయటపెడుతుంది. మరక అనుకున్నది ప్రాణమున్న లైకెన్.

లైకెన్ అంటే ఒక్క జీవి కాదు. శిలీంధ్రం ఇల్లు కడుతుంది, శైవలం ఎండతో వంట చేస్తుంది. ఈ సంగతి 1867లో స్విస్ శాస్త్రవేత్త సైమన్ ష్వెండెనర్ చెబితే ఆనాటి లైకెన్ పండితులు మండిపడ్డారు. వాళ్లలో ముందున్నవాడు విలియం నైలాండర్. ఆయన మరో విషయంలో మాత్రం అందరికన్నా ముందే కళ్లు తెరిచాడు. పారిస్ నగరంలో మాయమైన లైకెన్లు లక్సెంబర్గ్ తోటలో ఇంకా మిగిలి ఉన్నాయనీ, గాలి శుభ్రతకు అవే సాక్ష్యమనీ 1866లోనే రాశాడు. లైకెన్‌కు వేళ్లు లేవు, గాలిలో వచ్చిందల్లా ఒంటితోనే పీల్చుకుంటుంది. తార్నాక సిగ్నల్ దగ్గరి పొగ గురించి వేరే చెప్పాలా?

మన బిర్యానీ మసాలాలో వేసే రాతిపువ్వు కూడా లైకెనే. (పేరులో రాయి ఉన్నా చెట్ల బెరడు మీదా పెరుగుతుంది.) అది ఆకులా లేచి ఉంటుంది, చేత్తో ఊడుతుంది. బండను కరుచుకున్న ఈ రకం అలా కాదు. దీన్ని క్రస్టోస్ లైకెన్ అంటారు. దీనికి అడుగుపొర ఉండదు. శిలీంధ్రపు పోగులు నేరుగా గ్రానైట్ రేణువుల సందుల్లోకి దిగిపోతాయి, ఆక్సాలిక్ ఆమ్లం వంటివి వదిలి రాయిని కొద్దికొద్దిగా వదులు చేస్తాయి. నమూనా కావాలంటే ఉలితో రాతి పెచ్చుతో సహా తీయాల్సిందే.

ఇంత మొండిది పెరగడంలో మాత్రం మహా బద్ధకస్తురాలు. చాలా క్రస్టోస్ రకాలు ఏడాదికి ఒక మిల్లీమీటరు కూడా జరగవు. అంచు ప్రతి వైపూ ఏటా అర మిల్లీమీటరు చొప్పున జరిగిందనుకోండి, అరచేతి వెడల్పు మచ్చకు ఎనభై ఏళ్లు. ఆర్ట్స్ కాలేజీ భవనం ప్రారంభమైంది 1939లో. దాదాపు దాని ఈడుదన్నమాట. ఈ లెక్కతోనే రాతి పైభాగం బయటపడి ఎన్నాళ్లయిందో కట్టే పద్ధతిని ఆస్ట్రియాకు చెందిన రోలాండ్ బెషెల్ 1950లో రూపొందించాడు. మే నెలలో బండ కాలిపోతుంటే లైకెన్ ఎండి, పనులన్నీ ఆపేసి, వానకోసం కాచుకుంటుంది. 2005లో రెండు రకాలను రోదసిలో సుమారు రెండు వారాలు ఆరుబయట ఉంచితే బతికి వచ్చాయి. వాటిలో ఒకటి బండల మీది క్రస్టోస్ రకమే.

ఈ మచ్చల్లో అరుదైనదేదో చెప్పడం దగ్గరే చిక్కు. మన దేశంలో రెండువేలకు పైగా లైకెన్ జాతులున్నాయి. క్రస్టోస్ రకాన్ని గుర్తుపట్టాలంటే సూక్ష్మదర్శిని కింద సిద్ధబీజాలు చూడాలి, రసాయనపు చుక్క వేసి రంగు మారుతుందో లేదో గమనించాలి. అంత ఓపిక ఎందరికి? 2003లో, అంతరించే ముప్పున్న జీవుల ప్రపంచ రెడ్ లిస్టుకెక్కిన లైకెన్లు రెండే, వాటిలో క్రస్టోస్ ఒక్కటీ లేదు. నిజంగా అరుదైనవాటికీ, ఎవరూ వెతకనివాటికీ తేడా తెలియకుండానే హైదరాబాద్ గుట్టలు కంకరగా మారిపోతున్నాయి. ఆ గ్రానైట్ వయసు సుమారు 250 కోట్ల ఏళ్లు, దాన్ని పేల్చడానికి ఒక మధ్యాహ్నం చాలు.

ఈసారి క్యాంపస్‌కు వెళితే నీళ్ల సీసాతో పాటు ఒక భూతద్దం కూడా పట్టుకెళ్లండి. గోటితో గీకకండి, బండ మీద పేర్లు చెక్కకండి. ఫొటో తీసేటప్పుడు మచ్చ పక్కన రూపాయి బిళ్ల పెట్టండి. పదేళ్ల తర్వాత అదే బండ దగ్గరికి వచ్చి కొలుచుకోవచ్చు.